రెండో మెట్టు

కసిమీరా లికీన్ సీసా నా చేతికిచ్చి
పకపకా నవ్వింది.
"ఇంత కొండ ఎక్కొచ్చింది దీనికోసమా?"
సీసా ఇంకా వెచ్చగానే ఉంది.
మూత మీద పేరు రాసి, వయసు దగ్గర ఆగాను.
"డెబ్బై అని రాసుకో. ఎక్కువనిపిస్తే నువ్వే తగ్గించు."

పన్నెండు వేల అడుగుల పైన తోలా చీకా.
మట్టి గోడలు, లామాల పెంట వాసన,
మధ్యాహ్నానికల్లా ఉప్పు మడుల మీంచి లేచే గాలి.
నేనొచ్చి మూడు వారాలు.
మొదటి రాత్రి తల పగిలిపోయింది.
బూటు లేసు కట్టుకుంటూ మధ్యలో కూలబడి ఊపిరి తీసుకున్నాను.
ఇప్పుడు ఎక్కగలను, ఆగి ఆగి.
నాకు చెప్పకుండానే ఒళ్ళు
నెత్తురు చిక్కబరుచుకుంది.
ఇది అలవాటు.
కిందికి దిగిన కొన్నాళ్ళకి
అద్దె గది ఖాళీ చేసినట్టు వెళ్ళిపోతుంది.

ఆమెది అలవాటు కాదు.

ఊట నీళ్ళు అద్దంలా ఉంటాయి.
రంగు లేదు, వాసన లేదు, నాలుకకి ఏ ఫిర్యాదూ లేదు.
వాటిలో ఉన్నదానికీ రాయికీ
నా భాషలో ఒకటే పేరు: పాషాణం.
అగ్నిపర్వతాలు ఎప్పుడో కడుపులో దాచుకున్నది
చుక్కచుక్కగా వదులుతున్నాయి.
ఒంట్లోకి వెళ్ళాక కాలేయం దాన్ని రెండు మెట్లు ఎక్కించాలి.
మొదటి మెట్టు మీద ఆగిందా, ముందుకన్నా చేటు.
రెండోది దాటిందా, మూత్రంలో పోతుంది.
నా కాలేయం మొదటి మెట్టు మీదే చతికిలబడే రకం.
ఆమెది, గుమ్మంలో నిలబడ్డవాళ్ళని
"పదండి, పదండి" అని తోసే బస్సు కండక్టర్.
గొంతులో ఆపి నల్లబడటం దేవుడి పద్ధతి.
వీళ్ళది ఆపకపోవడం.

ఇదంతా నాకొచ్చిన వంకర స్పానిష్‌లో చెప్పాను.
మొక్కజొన్న గింజలు వేయిస్తూ విన్నది.
"దానికెవరు నేర్పారు?"
ఎవరూ నేర్పలేదమ్మా.
వేల ఏళ్ళ కింద కొందరికి పుట్టుకతోనే ఉంది, ఊరికే,
బుగ్గ మీద సొట్ట ఉన్నట్టు.
లేనివాళ్ళు...
వాక్యం అక్కడ ఆపేశాను.

ఆమె ఆపలేదు.
మూకుడు దించి, టోపీ పెట్టుకుని, "రా" అంది.

శ్మశానం గాలికి ఎదురుగా ఉంది.
తీగలకి కట్టిన కాగితం పూలు, వెలిసిపోయి.
పెద్దవాళ్ళ దిబ్బలు దాటాక చిన్నవి.
మూరెడువి. జానెడువి.
వాటి వెనక వట్టి రాళ్ళు, శిలువ ఇంకా చేరని కాలానివి.
వాటి వెనక నేల. ఏమీ చెప్పని నేల.
"మా నాన్నమ్మ మంత్రసాని.
ఏడాది నిండేదాకా పేరు పెట్టొద్దనేది."
ఒక దిబ్బ మీంచి జారిన రాయిని
బూటుతో మళ్ళీ పైకి జరిపింది.
"అయితే నా ఒంట్లో ఉన్నది
వీళ్ళు లేకపోవడమేనన్నమాట."

నేనేమీ రాసుకోలేదు.
నా పట్టికలో దానికి గడి లేదు.
దూరంగా రెండు వికూన్యాలు తలెత్తి చూసి
మళ్ళీ గడ్డిలోకి వంగాయి.

వచ్చే ఏడు నీళ్ళు శుద్ధిచేసే యంత్రం పెడతారట.
మనవరాలు నేలిదా ఇప్పటికే కింద, సాల్టాలో,
కుళాయి నీళ్ళు తాగి నర్సు చదువు చదువుతోంది.
"దానికింక ఇదెందుకు?"
వాడకపోయినా ఉంటుంది, అన్నాను.
"మా అమ్మ మగ్గంలా," అంది, దారి చూసుకుంటూ.

ఇంట్లో కోకా ఆకులు వేసి నీళ్ళు కాచింది.
మొదటి గుక్క నేలకి పోసింది, భూతల్లికి.
రెండోది తను తాగింది.
మర్యాదకి నేనూ చెయ్యి చాపాను.
ఆ చేతి మీద ఒక్కటి వేసి
మంచం కిందనుంచి ప్లాస్టిక్ సీసా లాగింది,
ధర చీటీ ఇంకా ఊడని కొత్త సీసా.
"నీకు ఇది.
నీవాళ్ళెవరూ ఇంకా దీనికోసం చచ్చిపోలేదుగా."

మూత బిగుసుకుపోయింది.
తనే తిప్పి ఇచ్చింది.